పొదుపు ఖాతా వెనక ఉన్న పల్లెటూరి పాస్టరు: హెన్రీ డంకన్

మీ ప్రశ్నలో మూడు ముక్కలున్నాయి. సేవింగ్స్ బ్యాంకు మొదట పెట్టింది స్కాట్లండ్‌లో ఒక పల్లెటూరి పాస్టరు అని చదివారు, అది నిజమేనా? ఆయన్ని గొప్ప దాత అంటారు కదా, అసలు ఏం దానం చేశారు? నలభై ఏళ్లకు పైగా ఒకే చర్చిలో ఉన్న మనిషి ముసలితనంలో ఇల్లూ జీతమూ వదులుకుని బయటికి ఎందుకు వచ్చారు?

నేను ముప్పయ్యేళ్లకు పైగా పల్లె బ్రాంచీల్లో కౌంటరు వెనక కూర్చుని రిటైరైనవాణ్ణి. ఆదివారం మా చర్చిలో కానుకల సంచులు విప్పి చిల్లర లెక్కపెట్టే పని కూడా చాలా ఏళ్లు నాదే. అందుకే ఈయన కథ కనబడినప్పుడల్లా వదలకుండా చదువుతూ వచ్చాను. కాస్త పొడుగ్గా చెబుతాను, ఓపిక పట్టండి.

పేరు హెన్రీ డంకన్. 1774లో స్కాట్లండ్ నైరుతి మూల లాక్‌రటన్ అనే ఊళ్లో పుట్టారు. తండ్రి కూడా ప్రెస్బిటేరియన్ పాస్టరే. ఆ చర్చిలో బిషప్పులుండరు. సంఘం ఎన్నుకున్న పెద్దలూ పాస్టరూ కలిసి నడుపుకుంటారు. కవి రాబర్ట్ బర్న్స్ ఆ ఇంటికి వచ్చినప్పుడు పిల్లవాడైన హెన్రీ చూశాడని చెబుతారు. చదువు మధ్యలో కుర్రాణ్ణి లివర్‌పూల్‌లో ఒక బ్యాంకులో గుమాస్తాగా పెట్టారు. సుమారు మూడేళ్లు చేసి, ఇది నా పని కాదని మానేసి, మళ్లీ చదువుకుని పాస్టరయ్యారు. ఇంట్లోవాళ్లు ఎంత బాధపడి ఉంటారో ఊహించుకోవచ్చు. బ్యాంకు ఉద్యోగం వదిలి వాక్యం చెబుతానంటే ఇప్పుడు మాత్రం ఏ తల్లిదండ్రులు ఊరుకుంటారు? కానీ ఆ మూడేళ్ల లెడ్జరు పని వృథా పోలేదు.

1799లో రత్‌వెల్ అనే ఊరికి వచ్చారు. అక్కడివాళ్లు ఆ పేరును 'రివెల్' అని పలుకుతారు. సాల్వే అఖాతం ఒడ్డున, జనాభా వెయ్యికి కాస్త పైన ఉన్న బీద పారిష్, అంటే ఒక పాస్టరు కిందికి వచ్చే ప్రాంతం. వచ్చిన కొత్తలోనే పంటలు పోయి తిండిగింజలకు కరువొచ్చింది. లివర్‌పూల్‌లో వ్యాపారం చేసుకుంటున్న అన్నదమ్ములకు ఉత్తరం రాసి ధాన్యం తెప్పించారు. ఇక్కడ ఒక్క క్షణం ఆగండి, ఆయన తీరు తెలిసేది ఇక్కడే. ఆ ధాన్యాన్ని ఊరికే పంచలేదు, కొన్న ధరకే అమ్మారు. డబ్బులేని ఆడవాళ్లకు నూలు వడికే పని ఇప్పించారు. మగవాళ్లకు చర్చి మాన్యంలో పని చూపించారు. చేతిలో నాలుగు డబ్బులు పడేలా చేసి, ఆ డబ్బుతో వాళ్లే కొనుక్కునేలా చూశారు.

అందుకే ఆయన్ని దాత అనే మాట నాకు అంత సరిగ్గా అనిపించదు. ఆయన ఇచ్చినదానికంటే ఏర్పాటు చేసినదే ఎక్కువ. దానం చేసేవాడి ముందు తల వంచాల్సిన అవసరం లేకుండా చేయడమే ఆయన పట్టుదల.

ఎందుకంత పట్టుదల అంటే, ఆ రోజుల్లో స్కాట్లండ్ పల్లెల్లో బీదలను ఆదుకునే బాధ్యత చర్చిది. ఆదివారం గుమ్మం దగ్గర పడిన కానుకల్లోంచి పాస్టరూ పెద్దలూ కూర్చుని, ఫలానా వితంతువుకు ఇంత, ఫలానా కుంటివాడికి ఇంత అని రాసేవారు. ఇంగ్లండులో అయితే భూమి ఉన్నవాళ్ల మీద బీదల పన్ను వేసేవారు. ఆ పన్ను ఏటేటా పెరుగుతోంది, తీసుకునేవాళ్లకు అవమానమూ పెరుగుతోంది. అది స్కాట్లండుకు పాకుతుందేమోనని డంకన్ గారి టెన్షన్. బీదల పన్ను అక్కర్లేకుండా చేయాలంటూ లండన్‌లో జాన్ బోన్ అనే ఆయన రాసిన పథకం ఒకటి ఆయన చేతికి వచ్చింది. పథకం మొత్తం నచ్చలేదుగానీ అందులో పొదుపు గురించి ఉన్న ముక్క పట్టుకున్నారు.

రత్‌వెల్‌లో అప్పటికే ఒక సహాయ సంఘం ఉంది. సభ్యులు క్రమంగా చందా కడితే జబ్బు చేసినప్పుడు ఇంత అని ఇస్తారు. కుంటుతున్న ఆ సంఘాన్ని ఆయనే నిలబెట్టారు. దాని లోపం కూడా ఆయనకే బాగా తెలుసు. కూలి దొరకని నెలలో చందా కట్టలేకపోతే అప్పటిదాకా కట్టింది పోయినట్టే. మన చీటీల్లో మధ్యలో మానేసినవాడి గతి తెలుసుగా, దాదాపు అదే. బ్యాంకులో వేసుకుందామంటే మామూలు బ్యాంకు 10 పౌండ్లు లేనిదే ఖాతా తెరవదు. కూలివాడికి 10 పౌండ్లు ఒక్కచోట ఎప్పుడు కనబడతాయి? దాచుకున్న నాలుగు డబ్బులూ పరుపు కిందో గోడ సందులోనో ఉంటాయి, ఉన్నట్టుండి ఖర్చయిపోతాయి.

1810 మే 10న ఆ సహాయ సంఘం గదిలోనే రత్‌వెల్ పారిష్ బ్యాంకు మొదలైంది. ఆరు పెన్నీలు తెచ్చినా తీసుకుంటారు. పౌండుకు 240 పెన్నీలు కాబట్టి, మామూలు బ్యాంకు గడప తొక్కాలంటే కావలసిన మొత్తంలో ఇది నాలుగు వందల్లో ఒక వంతు. ఇలా పోగైన చిల్లరనంతా ఒక్క మొత్తంగా డంఫ్రీస్ పట్టణంలోని బ్రిటిష్ లినెన్ కంపెనీ బ్యాంకులో వేస్తారు. అక్కడ 5 శాతం వడ్డీ వస్తుంది. అందులో 4 శాతం ఖాతాదారుకు, మిగిలింది ఖర్చులకూ ధర్మనిధికీ. ఇంతే యంత్రాంగం. బయటి దాత జేబులోంచి ఒక్క పైసా రానక్కర్లేదు, తన కాళ్ల మీద తాను నడుస్తుంది.

రూల్సు చదువుతుంటే మాత్రం నాకు నవ్వూ వస్తుంది, మెచ్చుకోలూ వస్తుంది. ఏడాదికి కనీసం 4 షిల్లింగులు (షిల్లింగంటే 12 పెన్నీలు) వేయకపోతే ఒక షిల్లింగు జరిమానా. మూడేళ్లు దాటి 5 పౌండ్లు పోగైనవాళ్లకు కొన్ని సందర్భాల్లో పూర్తి 5 శాతం ఇస్తారు. పెళ్లి చేసుకోబోతున్నా, 56 ఏళ్లు నిండినా ఆ వడ్డీ దక్కుతుంది. ఖాతా తెరవడానికి వచ్చినవాడి వయసు, సంసారం, నడవడి గురించి వాకబు చేసి, దాన్నిబట్టి తీసుకోవాలో వద్దో తేలుస్తారు. ఇప్పటి కేవైసీ దీనిముందు ఎంత? డబ్బు పెట్టెకు మూడు తాళాలు. ముగ్గురు మూడు తాళంచెవులతో వస్తేగానీ మూత తెరుచుకోదు. ఆ పెట్టె ఇప్పటికీ రత్‌వెల్‌లోని సేవింగ్స్ బ్యాంకు మ్యూజియంలో ఉంది. మ్యూజియం కూడా ఆ పాత గది ఉన్న చిన్న ఇల్లే.

ఆ మూడు తాళాల సంగతి చదవగానే నాకు మా బ్రాంచికి వచ్చే డ్వాక్రా ఆడవాళ్లు గుర్తొచ్చారు. రోజుకో రూపాయి పొదుపు నెల్లూరు జిల్లాలో ఊపందుకుని మిగతా జిల్లాలకు పాకిన కాలం అది. ఒక గ్రూపువాళ్లు రేకు పెట్టెను ఒకరింట్లో, తాళంచెవిని ఇంకొకరింట్లో, లెక్కల పుస్తకాన్ని మూడో ఇంట్లో పెట్టేవారు. 'మా మీద మాకు నమ్మకం లేక కాదు సార్, రేపు ఎవరూ మాట పడకూడదని' అంది ఆ గ్రూపు లీడరు. ఆమె డంకన్ గారి పేరు విని ఉండదు. పేదవాళ్ల డబ్బు కాపాడాల్సి వచ్చినప్పుడు ఎవరైనా చివరికి అదే తాళం దగ్గరికి వస్తారనుకుంటాను.

మొదటి ఏడాది ఖాతాల్లో పోగైంది 151 పౌండ్లు. నాలుగో ఏటికి 922. వెయ్యి మంది కూలీల ఊళ్లో అది మాటలు కాదు. ఇక ఆయన ఊరుకోలేదు. అంతకుముందే, 1809లో, 'డంఫ్రీస్ అండ్ గాలొవే కొరియర్' అనే వారపత్రిక మొదలుపెట్టి తానే సంపాదకత్వం చేస్తున్నారు. అందులో రాశారు, కరపత్రాలు వేశారు. ఎవరు ఎక్కడినుంచి సలహా అడిగినా తన జేబులోంచి తపాలా ఖర్చు పెట్టుకుని జవాబులు రాశారు. కొద్ది సంవత్సరాల్లోనే బ్రిటన్ అంతటా ఇలాంటి బ్యాంకులు వచ్చాయి. 1816కల్లా అమెరికాలో బోస్టన్, ఫిలడెల్ఫియాల దాకా వెళ్లాయి. 1817లో ఇంగ్లండు, ఐర్లండుల కోసం పార్లమెంటు చట్టం చేసింది. స్కాట్లండు కోసం పట్టుబట్టి ఈయన లండన్ వెళ్లి ఎంపీల చుట్టూ తిరిగారు. 1819లో ఆ చట్టమూ వచ్చింది.

ఇప్పుడు మీ మొదటి ప్రశ్న. ఇదే మొదటిదా అంటే, అక్షరాలా కాదు. 1778లోనే జర్మనీలో హాంబర్గ్‌లో ఒకటి ఉంది. లండన్ పక్కన టాటెన్‌హామ్‌లో ప్రిసిల్లా వేక్‌ఫీల్డ్ అనే ఆమె ఆడవాళ్ల కోసం, పిల్లల కోసం ఒకటి నడిపారు. కాకపోతే అక్కడ వడ్డీకి లోటు పడితే పెద్దమనుషులు పూడ్చాలి. ఎవరి దయా లేకుండా సొంత రాబడితో నడిచి, ఇంకో ఊరువాళ్లు చూసి దించుకోగలిగినట్టు తయారైంది రత్‌వెల్‌ది. 'మొదటి' అన్న బిరుదు ఆ అర్థంలో చెల్లుతుంది. ఇంకో మాట కూడా చెప్పాలి. ఎక్కువ ఊళ్లు దించుకున్నది ఆయన రూల్సును కాదు. ఎడిన్‌బరోవాళ్లు జరిమానాలూ, నడవడి వాకబులూ తీసేసి సాదాగా ఒకటి పెట్టారు. అదే ఎక్కువగా పాకింది. ఏ పద్ధతి మంచిదని ఇద్దరికీ కరపత్రాల్లో గట్టి వాదనే జరిగింది. నా ఓటు ఎడిన్‌బరోకే. డబ్బు దాచుకోవడానికి వచ్చినవాడి గుణగణాలు మనకెందుకు? కనీస నిల్వ లేదని కూలివాడి ఖాతాలోంచి జరిమానా కోసే పని నా చేతులమీదుగా చాలాసార్లు జరిగింది. ఆ రోజు రాత్రి అన్నం సహించేది కాదు.

పొదుపు వల్ల బీదరికం పోతుందా అని అప్పుడే వెక్కిరించినవాళ్లున్నారు, పత్రికా రచయిత విలియం కాబెట్ లాంటివాళ్లు. కూలి పెంచకుండా దాచుకోమని చెప్పడం ఏం న్యాయం అన్నారు. ఆ మాటలో నిజం లేదనను. భూస్వాములకు ఈ బ్యాంకులు నచ్చడానికి తమ పన్ను తగ్గుతుందన్న ఆశ కూడా ఒక కారణమే.

మన దాకా ఎలా వచ్చిందంటారా? బ్రిటన్‌లో 1861లో ప్రభుత్వమే పోస్టాఫీసుల్లో సేవింగ్స్ బ్యాంకు తెరిచింది. ఆ పద్ధతి 1882లో ఇండియా పోస్టాఫీసులకు వచ్చింది. మీ అమ్మమ్మ దగ్గర పోస్టాఫీసు పాస్‌బుక్ ఉంటే దాని ముత్తాతల్లో ఒకరిది రత్‌వెల్ అన్నమాట.

బ్యాంకు ఒక్కటే చెప్పి ఆపేస్తే ఆయనకు అన్యాయం చేసినట్టు. ఊళ్లో ఒక రాతి సిలువ ముక్కలు పడి ఉండేవి. ఎనిమిదో శతాబ్దపు సిలువ, పొడవు ఐదున్నర మీటర్ల దాకా. విగ్రహారాధన కింద లెక్కవేసి 1640ల్లో ఇదే ప్రెస్బిటేరియన్ చర్చి ఆజ్ఞతో పడగొట్టి పగలగొట్టారు. ఆ చర్చికే చెందిన పాస్టరు నూటయాభై ఏళ్లు దాటాక వర్షంలో నానుతున్న ఆ ముక్కల్ని ఏరి తెచ్చి తన పార్సనేజి, అంటే పాస్టరుకు చర్చి ఇచ్చే ఇంటి, తోటలో దాచారు. 1823లో అతికించి నిలబెట్టారు. పోయిన అడ్డచేతులు ఊరి శిల్పితో కొత్తగా చెక్కించారు. పొరపాటున పైముక్క ముందుది వెనక్కి తిప్పి పెట్టేశారు, ఇప్పటికీ అలాగే ఉంది. అంచుల వెంట ఉన్న రూన్ అక్షరాలు, అంటే ఉత్తర ఐరోపాలో వాడిన ఒక పాత లిపి, ఆయనకు చదవడం రాలేదు. అయినా కనబడ్డవి కనబడ్డట్టు గీయించి 1830ల్లో ప్రచురించారు. 1840లో జాన్ కెంబుల్ అనే పండితుడు వాటిని పాత ఇంగ్లీషు పద్యమని తేల్చారు. ఆ తర్వాత ఇటలీలో వెర్చెల్లిలో దొరికిన రాతప్రతిలో అవే పాదాలు కనబడ్డాయి. సిలువే తన కథ చెప్పుకుంటున్నట్టు సాగే పద్యం అది. ఇప్పుడు ఆ సిలువ రత్‌వెల్ చర్చి లోపల ఉంది. నేలకంటే లోతుగా గొయ్యి తీస్తేగానీ పట్టలేదు.

ఇంకొకటి వినండి. లాక్‌మేబెన్ దగ్గర కార్న్‌కాకిల్ అనే క్వారీలో ఎర్ర ఇసుకరాయి పలకల మీద పాదముద్రలు కనబడుతున్నాయని పనివాళ్లు చెప్పారు. 1824లో అలాంటి పలక ఒకటి ఆయన చేతికి వచ్చింది. కాపాడాలని తోటలోని చిన్న గది గోడలో కట్టించేశారు. ఆక్స్‌ఫర్డ్‌లోని భూగర్భ శాస్త్రవేత్త విలియం బక్‌లండ్‌కు సంగతి రాస్తే ఆయన మొదట నమ్మలేదు. తర్వాత మెత్తటి పిండి ముద్ద మీద తాబేళ్లను నడిపించి పోల్చి చూసి, ఇవి జంతువు అడుగులేనని ఒప్పుకున్నారు. 1828లో ఎడిన్‌బరో రాయల్ సొసైటీలో డంకన్ గారి వ్యాసం చదివారు. శిలాజ పాదముద్రల మీద శాస్త్రీయంగా వచ్చిన మొదటి వర్ణన అదే. ఆ ముద్రల్లో ఒక రకం శాస్త్రనామంలో ఇప్పటికీ ఆయన పేరుంది. డైనోసార్లకంటే ముందటి జంతువుల అడుగులవి.

ఇంకా ఉన్నాయిగానీ త్వరగా చెప్పేస్తాను. నెపోలియన్ దాడి చేస్తాడన్న భయం ఉన్న రోజుల్లో ఊరి వాలంటీర్లకు కెప్టెన్‌గా ఉన్నారు. వెస్టిండీస్ బానిసత్వానికి వ్యతిరేకంగా వరసగా లేఖలు రాశారు. ఒక నవల రాశారు, ప్రకృతి మీద నాలుగు సంపుటాలు రాశారు. తర్వాత పెద్ద రచయిత అయిన, అప్పటికింకా పేరు లేని థామస్ కార్లైల్‌కు పరిచయాలు చేయించారు. పాస్టరుకు ఇంత తీరిక ఎక్కడిదని అనుకుంటారేమో. ఊరు మారలేదు కదా! మూడేళ్లకో ట్రాన్స్‌ఫరు ఉండే మాలాంటివాళ్లకు ఖాతాదారుల పేర్లు నోటికి వచ్చేసరికే పెట్టె సర్దుకోవాల్సి వచ్చేది. ఆయనకు ఆ ఊళ్లో తాతలూ తెలుసు, మనవలూ తెలుసు. ఆయన చేతిలో ఆరు పెన్నీలు పెట్టడానికి కూలివాడు భయపడకపోవడానికి రూల్సుకంటే ఇదే పెద్ద కారణం.

ఇక మూడో ప్రశ్న. ఆయన్ని ఎవరూ వెళ్లగొట్టలేదు, ఆయనే బయటికి నడిచారు. అప్పట్లో స్కాట్లండులో పారిష్‌కు పాస్టరును నియమించే హక్కు ఆ ప్రాంతపు భూస్వామిది. సంఘానికి ఇష్టం లేని మనిషిని తెచ్చి పెట్టినా కోర్టులు భూస్వామి పక్షమే పలికాయి. సంఘం వద్దన్న పాస్టరును రుద్దకూడదని పదేళ్లు గొడవ నడిచింది. 1839లో డంకన్ గారు మొత్తం చర్చి మహాసభకు మోడరేటరు, అంటే అధ్యక్షుడు. కాబట్టి ఆ గొడవ నడిమధ్యన ఉన్నారు. 1843 మే 18న ఎడిన్‌బరోలో మహాసభలోంచి వందలమంది లేచి బయటికి నడిచి ఫ్రీ చర్చి పెట్టుకున్నారు. నాలుగు వందల యాభైకి పైగా పాస్టర్లు ఆ దారి పట్టారు. వాళ్లలో అరవై ఎనిమిదేళ్ల డంకన్ గారూ ఒకరు.

బయటికి నడవడమంటే ఊరికే సంతకం కాదు. జీతం పోతుంది. పార్సనేజి ఖాళీ చేయాలి. నలభై నాలుగేళ్లు తన చేత్తో పెంచిన తోట, అందులో నిలబెట్టిన సిలువ, గోడలో కట్టించిన రాతి పలక, అన్నీ తరవాత వచ్చే పాస్టరుకు వదిలేయాలి. మొదటి భార్య ఆగ్నెస్ అంతకు పదకొండేళ్ల ముందే పోయింది. ఆమెకు ఆ ఇల్లే పుట్టిల్లు. అంతకుముందున్న పాస్టరు కూతురే మరి. ఆ ఇంట్లోంచి సామాను దించుతున్నప్పుడు ఆయనకెలా ఉండి ఉంటుందో నేను చాలాసార్లు అనుకున్నాను. కూలివాడి డబ్బు కూలివాడిదే అన్న మనిషి, సంఘం పాస్టరు సంఘం ఇష్టమే అనకుండా ఎలా ఉంటాడు? నాకైతే ఈ రెండు పనుల వెనకా ఒకే మనిషి కనిపిస్తాడు.

దూరం పోలేదు. దగ్గర్లోనే మౌంట్ కెదార్ అనే చోట కొత్త సంఘానికి చర్చి కట్టించారు. మిగిలిన మూడేళ్లు ఒక మామూలు ఇంట్లో ఉంటూ పాత పారిష్‌లోనే ఇల్లిల్లూ తిరిగారు. 1846 ఫిబ్రవరిలో ఒక పల్లె ఇంట్లో పదిమందిని కూర్చోబెట్టుకుని వాక్యం చెబుతుండగా మాట మధ్యలో పక్షవాతం వచ్చింది. ఆ నెలలోనే పోయారు. మౌంట్ కెదార్‌లో ఆయన పేరిట ఒక రాతి స్తంభం ఉంది. మీరు ఎప్పుడైనా డంఫ్రీస్ వైపు వెళ్తే ముందు మ్యూజియంలో ఆ మూడు తాళాల పెట్టె చూసి, తర్వాత చర్చిలోకి వెళ్లండి. తాళం వేసి ఉంటే బయట గుమ్మం దగ్గర ఎవరినైనా అడగండి, కానీ 'రత్‌వెల్' అనకుండా 'రివెల్' అనండి.